మామ్మగారి పేరు

మొన్న ఆదివారం మా మనవరాలు ఒక అట్టముక్కా, రంగు పెన్సిళ్లూ పట్టుకుని నా పక్కన చేరింది. బడిలో వంశవృక్షం గీసుకు రమ్మన్నారట. "చెప్పు మామ్మా, నేను రాసుకుంటాను" అన్నది. తాతగారు, వారి తండ్రిగారు, వారి తండ్రిగారు, ఇలా ఆరు తరాల మగవాళ్ల పేర్లు గడగడ అప్పజెప్పేశాను. పిల్ల ఒక్కొక్క కొమ్మా గీసి, ఒక్కొక్క పేరూ గుండ్రటి అక్షరాలతో రాసి, "మరి వీళ్ల భార్యల పేర్లో?" అన్నది.

అక్కడే వచ్చింది చిక్కు. మా అత్తగారి పేరు తెలుసు. వారి అత్తగారిని అందరూ "పెద్దమ్మగారు" అనేవారు. ఆ పైన ఆవిడ "కపిలేశ్వరపురం ఆవిడ". ఇంకా పైకి పోతే "పసలపూడి ఆవిడ". మా పిల్ల గట్టిది. "అవి వూళ్ల పేర్లు కదా మామ్మా, మనుషుల పేర్లు చెప్పు" అన్నది. మనుషుల పేర్లు మా ఇంట్లో ఎవరికీ తెలియవు. వాళ్లు వండిన పనసపొట్టు కూర సంగతి తెలుసు, పెట్టిన ఆవకాయ సంగతి తెలుసు, ఎవరి పురిటికి ఎవరు వెళ్లారో తెలుసు. పేర్లు మాత్రం లేవు.

ఇది మా ఒక్క ఇంటి సంగతి కాదు. 2015 గోదావరి పుష్కరాలలో మా కె.గంగవరం చుట్టుపక్కల జనమంతా కోటిపల్లి రేవుకే కదా వెళ్లింది! మెట్లమీద కూర్చుని పురోహితులు పిండప్రదానం చేయిస్తూ, తండ్రి, తాత, ముత్తాతల పేర్లు అడిగితే టకటక చెప్పిన మగవాళ్లు, "ప్రపితామహి?" అనేసరికి వెనక్కి తిరిగి గట్టుమీద నిలబడ్డ ఆడవాళ్ల వంక చూడడం నేను కళ్లారా చూశాను. ఆ గట్టుమీది ఆడవాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. మళ్లీ పుష్కరాలు 2027లో. ఈలోగా పెద్దవాళ్లను అడిగి ఒక కాగితంమీద రాసి పెట్టుకోవడం మంచిదని మా ఇంట్లోవాళ్లకు చెప్పాను.

ఆడవాళ్ల పేర్లు తరతరాలా జ్ఞాపకం పెట్టుకున్న ఇళ్లు మన ప్రాంతంలో లేకపోలేదు. అయితే ఆ ఇళ్లవాళ్లను మనం వీధి అరుగు దాటి లోపలికి రానిచ్చేవాళ్లం కాదు. అవి కళావంతుల ఇళ్లు. ఆ ఇళ్లలో ఆస్తి తల్లినుంచి కూతురికి వచ్చేది. విద్య మామ్మనుంచి మనవరాలికి వచ్చేది. ఎవరి దగ్గర ఏ పదం నేర్చుకున్నదీ, ఏ వర్ణం ఏ పెద్దమ్మ పాఠమో చెప్పుకోకపోతే వాళ్లకు పరువు తక్కువ.

ఆ విద్య కూడా ఒకటా? గొంతు పలకాలి, కాలు ఆడాలి, చేయి చూపాలి, కన్ను చెప్పాలి. క్షేత్రయ్య పదం పట్టాలంటే నాయిక ఏ అవస్థలో వున్నదో తెలియాలి. భామాకలాపానికి మాటకారితనం కావాలి. గొల్లకలాపానికి వేదాంతం కావాలి. అమరం, కావ్యాలు చదివిన వాళ్లుండేవారు. ఈ రోజుల్లో ఒకే మనిషి పాడి, ఆడి, రాసి, బొమ్మకూడా వేస్తే బహుకళా ప్రవీణ అని పత్రికలవాళ్లు ఫొటో వేస్తారు. మన పెళ్లిపందిళ్లలో మేజువాణి చేసిన మనిషికి ఇవన్నీ వచ్చి వుండడం మామూలు సంగతి. ఆ మనిషికి ఫొటో లేదు సరిగదా, పేరు అడిగినవాళ్లు కూడా తక్కువ.

ద్రాక్షారామం మాకు దగ్గరే. భీమేశ్వరస్వామి గుడి స్తంభాలమీదా, గోడలమీదా వున్న శాసనాలు వందల లెక్కలో వుంటాయి. దక్షిణ భారత శాసనాల నాలుగో సంపుటంలో అవి అచ్చయినాయి. దర్శనానికి వెళ్లి చేతులు జోడించి వచ్చేస్తాం కాని, మన చేయి ఆనిన ఆ రాతిమీద ఏమున్నదో చదివేవాళ్లం ఎంతమంది? అందులో దానం చేసిన ఆడవాళ్లున్నారు, దేవుడి కొలువులో వున్న సానులున్నారు. "సాని" అంటే ఆ రోజుల్లో గౌరవపు మాట. స్వామినినుంచి వచ్చిందంటారు. గొప్పింటి ఆడవాళ్ల పేర్ల చివర కూడా అదే మాట వుండేది. మనం దాన్ని తిట్టుగా మార్చుకున్నాం. "దొరసాని"లో మాత్రం గౌరవం అలాగే వుంచుకున్నాం. మాటలకు కూడా ఏ ఇంట్లో వున్నాయన్నదాన్నిబట్టి మర్యాద కాబోలు.

ఇంతకీ నేను చెప్పదలచినది ఒక పుస్తకం సంగతి. ఆ పుస్తకంలోనుంచి ఒక మామ్మగారిని తీసివేస్తే, ఇంకొక ఆవిడ వచ్చి మళ్లీ తెచ్చి కూర్చోబెట్టింది. ఆ కథ మన రాజమండ్రిదాకా తగులుతుంది.

పద్ధెనిమిదో శతాబ్దంలో తంజావూరును మరాఠా రాజులు ఏలుతుండగా, ప్రతాపసింహ మహారాజు ఆస్థానంలో ముద్దుపళని అనే విదుషి వుండేది. ఆ రాజు పాలన 1739 నుంచి 1763 వరకు. రాజులు మరాఠీవాళ్లు, ప్రజలది అరవం, ఆస్థానంలో కవిత్వం మాత్రం తెలుగు. ముద్దుపళని రాధికాసాంత్వనం అని నాలుగు ఆశ్వాసాల ప్రబంధం రాసింది. అయిదు వందల ఎనభై పైచిలుకు పద్యాలు. రాధ తాను పెంచిన ఇళాదేవిని తానే కృష్ణుడికిచ్చి పెళ్లి చేస్తుంది. చేసిన తరువాత తానే ఓర్చుకోలేక కుమిలిపోతుంది. అలిగిన రాధను కృష్ణుడు వచ్చి బతిమాలుకోవాలి. పెంచిన ప్రేమా, మనసులో మంటా ఒకే మనిషిలో ఎలా వుంటాయో అందులో చూడవలసిందే. శృంగారం పాలు ఎక్కువే. పిల్లల చేతికి ఇచ్చే పుస్తకమని నేననను. ఆవిడే గోదాదేవి తిరుప్పావైని తెలుగులోకి తెచ్చిందని మాత్రం చాలామందికి తెలియదు.

ప్రబంధం రాసిన కవులంతా మొదట తమ వంశం చెప్పుకుంటారు. తాత ఎంత పండితుడు, తండ్రి ఏ యజ్ఞం చేశాడు, ఇవన్నీ ఆ అవతారికలో వుంటాయి. ముద్దుపళనీ చెప్పుకున్నది. అయితే ఆవిడ గొప్పగా చెప్పుకున్నవాళ్లు ఆడవాళ్లు. తంజనాయకి అనే మామ్మగారు, మేనత్తగారు, తనకు వారసత్వంగా వచ్చిన విద్య. తనవంటి స్త్రీ ఇంకెవరున్నారని ఎదురు ప్రశ్న కూడా వేసింది. మగకవులు ఆ మాట అంటే ఆత్మవిశ్వాసం అని మెచ్చుకుంటాం!

ఆ పుస్తకం 1887లో మొదట అచ్చయింది. బ్రౌను దొరగారి దగ్గర పనిచేసిన పైడిపాటి వెంకటనరసుగారు అచ్చు వేయించారు. 1907లో మళ్లీ వేశారు. అచ్చు వేయడం మంచిపనే. కాని అందులో కొన్ని పద్యాలు తీసివేశారు. శృంగారం మితిమీరిందనుకున్న చోట్ల తీసివేస్తే ఎందుకో వూహించుకోవచ్చు. అవతారిక కూడా తీసివేశారే! మామ్మగారి పేరు చెప్పుకోవడంలో అశ్లీలం ఏమున్నదండీ? ఎన్నిసార్లు ఆలోచించినా నాకు ఒకటే తోస్తుంది. పుస్తకం కావలసి వచ్చింది, మనిషి అక్కరలేకపోయింది.

ఆ లోపం పట్టుకున్నది బెంగుళూరు నాగరత్నమ్మగారు. 1878లో మైసూరు సంస్థానంలోని నంజనగూడులో పుట్టారు. తల్లి పుట్టలక్ష్మి దేవదాసి. తండ్రి ఒక వకీలు. ఆయన వీళ్లను వదిలివేశాడు. అప్పటినుంచి ఆ తల్లికి ఒకటే పట్టుదల. కూతురికి సంస్కృతం చెప్పించింది, సంగీతం చెప్పించింది, నాట్యం చెప్పించింది. కన్నడం, తెలుగు, ఇంగ్లీషు కూడా చెప్పించింది. నాగరత్నమ్మగారికి పద్ధెనిమిదేళ్లయినా నిండకముందే ఆ తల్లి కన్ను మూసింది. ఆ తరువాత మద్రాసు చేరి, కచేరీలు చేసి, హరికథలు చెప్పి, సొంత ఇల్లు కొనుక్కుని, తన సంపాదనమీద తాను బతికారు. "విద్యాసుందరి" అని బిరుదు. ఈ చరిత్ర అంతా వి. శ్రీరామ్‌గారు 2007లో ఒక పుస్తకంగా రాశారు. చదవవలసిన పుస్తకం.

తంజావూరు కాలపు సాహిత్యం గురించి చదువుతూండగా ముద్దుపళని పేరు ఆవిడ కంటబడింది. అచ్చుపుస్తకం సంపాదించారు. తరువాత రాతప్రతి దొరికింది. రెండూ పక్కపక్కన పెట్టుకుని చూస్తే పద్యాలకు పద్యాలే లేవు, వంశావళి లేదు. రాసినది ఆడమనిషి, అందులోనూ తమ కులంలో పుట్టిన మనిషి, కాబట్టి ఉన్నది వున్నట్టు అచ్చు వేయవలసిన బాధ్యత తనదే అనుకున్నారట. 1910లో మద్రాసు వావిళ్లవారు అచ్చు వేశారు. మాతృక కన్నడమైన ఒక గాయకురాలు, అరవదేశంలో కూర్చుని, తెలుగు కావ్యానికి పరిష్కర్త అయింది. తెలుగు పండితులు ఎంతమంది వున్నారో ఆ రోజుల్లో! తంజనాయకి పేరు మాత్రం ఈవిడ చేతిమీదుగానే అచ్చు అక్షరాలలోకి రావలసి వచ్చింది.

పీఠికలో నాగరత్నమ్మగారు ఒక పెద్దమనిషితో తగువు పడ్డారు. సామాన్యులు కారు, కందుకూరి వీరేశలింగం పంతులుగారు. ఆంధ్రకవుల చరిత్రలో పంతులుగారు ముద్దుపళనిని చాలా కఠినంగా తీసిపారేశారు. కొన్ని పద్యాలు ఆడవాళ్లు వినతగనివని, ఆడదాని నోటినుంచి అసలే రాతగనివని ఆయన అభిప్రాయం. నాగరత్నమ్మగారు తొణకలేదు. సిగ్గూ మర్యాదా ఆడవాళ్లకేనా, మగకవులకు అక్కరలేదా అని అడిగారు. సాక్షాత్తూ పంతులుగారే పరిష్కరించిన వైజయంతీవిలాసంలో ఏమున్నదో చూపించారు. అది విప్రనారాయణుడి కథ. దేవదేవి అనే వేశ్యకూ, ఆయనకూ నడిచిన వ్యవహారమే అందులో వున్నది.

పంతులుగారిని తక్కువ చేయడానికి నాకు నోరు రాదు. 1881 డిసెంబరులో రాజమండ్రిలో ఆయన మొదటి వితంతు వివాహం చేయించకపోతే, ఆడపిల్లల బళ్లు పెట్టకపోతే, మన మామ్మలకు అక్షరం ముక్క వచ్చేది కాదు, నేనీ రోజు మీకిది రాసేదాన్నీ కాను. భోగంమేళాలు వద్దని ఆయన పోరాడినదీ, ఆ పేరుతో కుటుంబాలు పాడవుతున్నాయనే. చిన్నపిల్లను గుడికి అంకితం చేస్తున్నామని చెప్పి, ఆ పిల్ల నోరెత్తకముందే దాని బతుకు నిర్ణయించడాన్ని ఎవరు సమర్థిస్తారు? కాని ఆ ఆచారాన్ని కొట్టబోయి, ఆ ఆచారంలో పుట్టిన మనిషికి విద్య లేదన్నట్టు, వుంటే అదే నేరమన్నట్టు మాట్లాడడం ఎంతవరకు సబబు? ఈ తగువులో నా ఓటు నాగరత్నమ్మగారికే.

ఆ తరువాతిది మీరు సినిమాలో కూడా చూడరు. 1911లో పుస్తకం అశ్లీలమని మద్రాసు ప్రభుత్వం పట్టుకున్నది. పోలీసులు ప్రతులు ఎత్తుకుపోయారు. వావిళ్లవారిమీద కేసు పెట్టారు. పండితులు సంతకాలు చేసి మహజరు పంపుకున్నా ప్రభుత్వం వినలేదు. ముప్ఫయిఅయిదేళ్లు గడిచి, టంగుటూరి ప్రకాశంగారు ముఖ్యమంత్రి అయిన తరువాత, 1947లో ఆ నిషేధం ఎత్తివేశారు. తెలుగుతల్లి హారంలో జారిపోయిన ముత్యాలను మళ్లీ గుచ్చుతున్నామన్న అర్థం వచ్చేట్టు ఆయన అన్నారట. 2011లో ఆ కావ్యం ఇంగ్లీషులోకి కూడా వెళ్లింది.

నాగరత్నమ్మగారు ఈలోగా వూరుకున్నారా? 1921లో గురువుగారు బిడారం కృష్ణప్పగారినుంచి వుత్తరం వచ్చింది, తిరువయ్యారులో త్యాగరాజస్వామి సమాధి పాడుపడి వున్నదని. నగలు అమ్మి, భూమి సంపాదించి, గుడి కట్టించి, ప్రతిష్ఠ చేయించారు. ఆరాధన రోజున అక్కడ ఆడవాళ్లను పాడనిచ్చేవారు కాదు. తన డబ్బుతో కట్టిన గుడిలో తనకు పాట లేదు! ఆవిడ ఏడుస్తూ కూర్చోలేదు. ఆడవాళ్లనందరినీ కూడగట్టి సమాధికి వెనకపక్కన వేరే కచేరీ పెట్టారు. కొన్నేళ్ల తరువాత, 1941 ప్రాంతంలో, జట్లన్నీ కలిసిపోయి, ఆడవాళ్లూ మగవాళ్లూ కలిసి ఆరాధన జరుపుకునే రోజు వచ్చింది. పుష్య బహుళ పంచమినాడు టీవీలో పంచరత్న కీర్తనలు చూస్తూ, వరసగా కూర్చున్న పట్టుచీరల్ని మెచ్చుకునేవాళ్లు ఇది కూడా తెలుసుకోవాలి. 1952లో ఆవిడ పోయారు. ఆస్తి అంతా త్యాగయ్యగారి పేరనే రాసిపోయారు. స్వామి సన్నిధికి దగ్గరలోనే ఆవిడ విగ్రహం వున్నది.

మన గోదావరి జిల్లాలకు మళ్లీ వద్దాం. 1921లో గాంధీగారు కాకినాడ వచ్చినప్పుడు, పన్నెండేళ్ల పిల్ల దుర్గాబాయి, దేవదాసీలూ ఘోషా స్త్రీలూ ఆయనను చూడాలని పట్టుబట్టి, పెద్దలు అడిగిన అయిదువేల రూపాయలు పోగుచేసి, సభ జరిపించింది. దుర్గాబాయమ్మగారు తరువాత ఎంతవారయ్యారో అందరికీ తెలుసు. ఆ సభలో గాజులూ గొలుసులూ తీసి ఇచ్చిన దేవదాసీల పేరు ఒక్కటి చెప్పండి చూద్దాం.

1947లో దేవదాసీ చట్టం వచ్చింది. 1956లో దానికి చేసిన సవరణతో పెళ్లిళ్లలో మేళాలు కూడా ఆగిపోయినాయి. చట్టం పిల్లల్ని కాపాడింది, నిజమే. కాని నలభైయేళ్లు గజ్జె కట్టిన పెద్దావిడ మరునాడు ఏం తిని బతకాలో చట్టంలో రాయలేదు. కొందరు పొలాలు అమ్ముకున్నారు. కొందరు నాటకాల్లోకీ, సినిమాల్లోకీ వెళ్లారు. ఎక్కువమంది తలుపులు వేసుకున్నారు. ప్రభుత్వ జాబితాలో కులం పేరు కూడా "సూర్యబలిజ" అయింది. నటరాజ రామకృష్ణగారు గోదావరి జిల్లాల్లో ఆ పెద్దవాళ్లను వెతుక్కుంటూ వెళ్లి నేర్చుకుని "ఆంధ్రనాట్యం" అన్నారు. స్వప్నసుందరిగారు పశ్చిమగోదావరి బల్లిపాడు సరిదె మాణిక్యమ్మగారి దగ్గరా మరికొందరి దగ్గరా నేర్చుకుని "విలాసినీ నాట్యం" అన్నారు. వీళ్లు పూనుకోకపోతే సగం పోయేది. కళకు మర్యాద దొరికింది, కొత్త పేర్లు వచ్చినాయి. పాత ఇళ్లలో పిల్లలు మాత్రం ఆ మాటే ఎత్తరు.

అలాంటి ఇల్లు ఒకటి నాకు తెలుసు. వూరు చెప్పను. ఆవిడ ఉద్యోగం చేసి రిటైరయింది. ఒకసారి వాళ్లింట్లో కాఫీ తాగుతూండగా, మాటల్లో అటకమీద మామ్మగారి పెట్టె వున్నదని చెప్పింది. అందులో గజ్జెలు, తాళాలు, చేత్తో రాసుకున్న పదాల పుస్తకం. "ఎప్పుడైనా తీస్తారా?" అన్నాను. "పిల్లదాని పెళ్లి కానీయండి" అన్నది. పిల్ల పెళ్లి అయింది. "మనవలు కానీయండి" అన్నది. వియ్యాలవారికి తెలిస్తే ఏమనుకుంటారో అన్న భయం ఆవిడ కంటిలో వున్నది. నేను తప్పు పట్టలేను. ఆ భయం మనం పెట్టినదే. పైడిపాటివారు ముద్దుపళని పుస్తకానికి చేసిన పని ఆ ఇల్లు తనకు తానే చేసుకున్నది. వాళ్ల పిల్లలు వంశవృక్షం గీయవలసి వస్తే ఏం గీస్తారో నాకు తెలియదు.

పోయినేడు నా దగ్గర వున్న రాధికాసాంత్వనం ఆవిడకు ఇచ్చాను. నెలరోజులు వుంచుకుని తెచ్చి ఇచ్చింది. కథ సంగతి ఏమీ అనలేదు. అవతారిక తీసి, ఒక పద్యంమీద వేలు పెట్టి, "మామ్మ పేరు ముందర చెప్పుకున్నదండీ" అన్నది. కాసేపు వూరుకుని, తన మామ్మగారి పేరు నాకు చెప్పింది. ఎంత చక్కటి పేరో! ఇక్కడ రాయనా అని అడిగాను.

"ఇప్పుడే వద్దండి" అన్నది.